వరిచేలలోని చిమ్మెటవంటి సీతాకోకచిలుక: దాని గుఱుతులు

మన గూడూరు ప్రాంతమున చెఱువుల క్రిందను, కండలేరు నీటి క్రిందను నాట్లు ముగిసి, పైరు నిలదొక్కుకొని పిలకలు పెట్టుచున్న దినములలో, ప్రొద్దుననే గట్టుమీద నడచు రైతునకు ఒక చిన్న గోధుమవన్నె పురుగు తఱచుగా కనబడును. అది ఒక ఆకుమీదనుండి లేచి, కంటికి అందని వేగముతో నాలుగు బారల దూరము దూకి, మరల వచ్చి ఆ ఆకుమీదనే వ్రాలును. దానిని చూచినవారిలో నూటికి తొంబదిమంది "తల్లిపురుగు వచ్చినది" అందురు. మన రైతులకు రెక్కలు గలిగి మట్టిరంగున నున్న ప్రతిదియు తల్లిపురుగే. తల్లిపురుగన్న మాట వినబడిన మఱునాడు మందు డబ్బా కొనుట మామూలైపోయినది.

ఇచ్చట చెప్పబోవు పురుగు మొవ్వును ఎండబెట్టు తల్లిపురుగు కాదు. అది చిమ్మెటయు కాదు. చిమ్మెటను పోలిన సీతాకోకచిలుక. ఈ భేదమును ఎఱుగుట పండితుల వేడుకకొఱకు మాత్రమే గాదు. భేదము తెలియక చేసిన సేద్యమున రైతు డబ్బును, చేనిలోని మేలుచేయు పురుగులును నష్టమగును. అంతకంటె చెఱుపు, అసలు శత్రువు వచ్చినపుడు దానిని గుర్తింపలేకపోవుట.

నా వలన జరిగిన పొరపాటు

ఈ సంగతి నేను పుస్తకమువలన గాక పొరపాటువలన నేర్చుకొంటిని. కొన్ని యేండ్ల క్రిందట ఎడగారు పైరు కాలమున, తూర్పు పల్లెలనుండి ఒక వృద్ధరైతు అగ్గిపెట్టెలో ఒక పురుగును పెట్టుకొని నాయొద్దకు వచ్చెను. అప్పుడు నేనొక సభకు పోవు తొందరలో నుంటిని. "నాయనా, ఇదే గదా మొవ్వు తినే పురుగు తల్లి? చేను నిండా ఎగురుతా ఉండాయి" అని ఆయన అడిగెను. నేను పెట్టెను సగము తెఱచి, గోధుమవన్నె రెక్క కనబడగానే, "అవును పెద్దాయనా, అదే" అని చెప్పి వెడలిపోతిని.

ఆయన అప్పుచేసి మందు కొని, ఎకరమున్నర చేనికి రెండు తడవలు కొట్టించెను. నెల దాటిన పిమ్మట ఆ చేనిలో అక్కడక్కడ గుండ్రముగా పైరు కాలినట్లయినదని కబురు వచ్చెను. నేను పోయి చూడగా, దుబ్బుల మొదళ్లయందు సుడిదోమ కిక్కిరిసి యుండెను. దోమను తిను సాలీళ్లుగాని మిరిడ్ నల్లులుగాని దాదాపుగా కానరాలేదు. గట్టుమీది గడ్డిచామంతి పూలపై మాత్రము ఆ గోధుమవన్నె పురుగులు మునుపటివలెనే గంతులు వేయుచుండెను. ఆయన ఆ అగ్గిపెట్టెను ఇంట దాచియుంచెను. దానిని తెప్పించి ఎండలో సరిగా చూచితిని. మీసముల కొనలు గుండుకట్టి యుండెను. అది మొవ్వుపురుగు తల్లి కానే కాదు.

దోమ వచ్చుటకు ఆ మందొక్కటే కారణమని నేను ప్రమాణము చేయజాలను. కాని అక్కఱలేని మందు నామాటమీద పడినది. ఆ వృద్ధుడు కోపింపలేదు. "పెట్టె పూరా తెరిచి చూసుంటే బాగుండు నాయనా" అని మాత్రము అనెను. ఆనాటినుండి పెట్టె పూర్తిగా తెఱవక నేనే పురుగునకును పేరు పెట్టలేదు.

దాని పేరు, కుటుంబము

ఇంగ్లీషువారు ఈ జాతి పురుగులను స్కిప్పర్లు, అనగా గంతులు వేయునవి, అందురు. శాస్త్రములో వీని కుటుంబమునకు హెస్పెరిడే అని పేరు. వరిలో తఱచుగా కానవచ్చు దానిని పెలోపిడాస్ మథియాస్ అందురు. వెనుకటి పుస్తకములలో ఇదియే పర్నారా మథియాస్ అనియు, బవోరిస్ మథియాస్ అనియు ఉండును. పేర్లు మాఱినను పురుగు మాఱలేదు.

దీనికి మొట్టమొదట శాస్త్రనామము పెట్టినవాడు డెన్మార్కు దేశస్థుడైన ఫాబ్రీసియసు. ఆయన 1798లో వర్ణించిన పురుగు మన తీరమునకు దక్షిణముననున్న తరంగంబాడినుండి పోయినదే. 1706లో త్సీగెన్‌బాల్గు అను మిషనరీ దిగినదియు ఆ రేవుననే. అప్పట్లో అది డెన్మార్కువారి స్థావరము. కావున ఈ పురుగు మనకు పరదేశి కాదు. మన వరిమళ్లలోను గడ్డిలోను అనాదిగా కాపురమున్నది.

వీనిని చిమ్మెటలలో చేర్చవలెనా, సీతాకోకచిలుకలలో చేర్చవలెనా యని శాస్త్రజ్ఞులుగూడ చాలకాలము తర్కించిరి. లావు దేహము, మట్టి రంగు చూచి కొందఱు ఇవి రెంటికి నడుమ నున్నవనిరి. ఇటీవలి కాలమున జీవకణములలోని వంశలక్షణములను పరీక్షించిన పిమ్మట ఇవి నిశ్చయముగా సీతాకోకచిలుకల వంశములోనివే యని తేలినది. దక్షిణామెరికాలో హెడిలిడే అను మఱియొక కుటుంబము గలదు. వానికి మీసముల కొన గుండుకూడ లేనందున చిమ్మెటలలోనే లెక్కించుచుండిరి. 1986లో స్కోబుల్ అను శాస్త్రజ్ఞుడు అవియు సీతాకోకచిలుకలే యని చూపెను. పండితులే ఇంతకాలము తడబడిన చోట రైతు తడబడుట తప్పు గాదు. అయితే చేనిలో మనకు కావలసినంత భేదమును కనుగొనుటకు రెండు కన్నులును, కొంచెము ఓపికయు చాలును.

చిమ్మెటకును దీనికిని భేదము

మొదటి గుఱుతు మీసములు. ఇదియే అన్నింటికంటె నమ్మదగినది. మన పైరులను చెఱచు చిమ్మెటల మీసములు దారమువలె మొదలునుండి కొనవఱకు సన్నగిల్లును. కొన్నింటికి ఈకవలెనో దువ్వెనవలెనో ఉండును. సీతాకోకచిలుక మీసము అగ్గిపుల్లవలె కొనయందు లావుగా నుండును. స్కిప్పరు మీసము కొనయందు లావుగా నుండుటయే గాక, ఆ లావు దాటిన పిమ్మట సన్ననై కొంచెము వెనుకకు వంగి చిన్న కొక్కెమువలె ముగియును. మఱియు రెండు మీసములును వెడల్పైన తలమీద ఎడముగా మొలచియుండును.

రెండవది దేహము. స్కిప్పరు తల వెడల్పు, కన్నులు పెద్దవి, ఱొమ్ము బలిష్ఠము. రెక్కలతో పోల్చిచూచిన దేహము లావు. ఈ లావును చూచియే జనులు దీనిని చిమ్మెట యనుకొందురు. కావున దేహమొక్కటి చూచి తీర్పు చెప్పరాదు.

మూడవది కూర్చుండు తీరు. మొవ్వుపురుగు తల్లి రెక్కలను ఇంటికప్పువలె వాలుగా దేహముమీద కప్పుకొనును. ఆకుముడత పురుగు తల్లి రెక్కలను చదునుగా పఱచి ముక్కోణముగా కూర్చుండును. స్కిప్పరు విశ్రమించునపుడు రెక్కలను వీపుమీద నిలువుగా మూయును. ప్రొద్దుటి యెండలో కాచుకొనునపుడు వెనుక రెక్కలను చదునుగా పఱచి, ముందు రెక్కలను సగము లేపి యుంచును. ఇట్లు రెక్కలు రెండంతస్తులుగా నుండుట కంటబడిన యెడల అది స్కిప్పరే యని చెప్పవచ్చును.

నాలుగవది ఎగురుట. మొవ్వుపురుగు తల్లిని పైరులోనుండి లేపినచో మెల్లగా, బలహీనముగా ఎగిరి, దగ్గఱి దుబ్బులోనే దూరును. స్కిప్పరు విసరిన రాయివలె పోవును. పూలపై వ్రాలి తేనె త్రాగును.

ఐదవది కాలము. చిమ్మెటలలో పెక్కులు రాత్రివేళ తిరిగి దీపమునకు వచ్చును. సీతాకోకచిలుకలు పగటివి. అయితే ఈ గుఱుతునొక్కదానినే నమ్మరాదు. పగటివేళ తిరుగు చిమ్మెటలును గలవు. మన వరిలోనే మెలానిటిస్ లీడా అను సీతాకోకచిలుక ఎండుటాకు రంగుననుండి మునిమాపువేళ ఎగురును; దీపమునకును వచ్చును. దాని గొంగళికి తలమీద రెండు కొమ్ములుండును.

భూతద్దము గలవారికి మఱియొక గుఱుతు చెప్పెదను. చాల చిమ్మెటలకు వెనుక రెక్క మొదట ముల్లువంటి వెండ్రుక యుండి, ముందు రెక్కను పట్టుకొని రెండింటిని జతపఱచును. సీతాకోకచిలుకలకు ఇది యుండదు. లోకమందలి సీతాకోకచిలుకలలో ఆస్ట్రేలియా దేశపు స్కిప్పరు ఒక్కదానికి, అందును మగదానికి మాత్రమే, ఈ ముల్లు గలదు.

వరి స్కిప్పరు ప్రత్యేక లక్షణములు

రెక్కలు విప్పినపుడు ఈ కొననుండి ఆ కొనకు అంగుళమున్నర లోపు. పైవైపు రంగు పచ్చఛాయ గల ముదురు గోధుమ. ముందు రెక్కమీద చిన్నచిన్న తెల్లని చుక్కలు విల్లువలె వంగిన వరుసలో నుండును. వెలుతురునకు ఎదురుగా పట్టిచూచిన యెడల ఈ చుక్కలు అభ్రకపు రేకువలె వెలుగును చొఱనిచ్చును. మన గూడూరు అభ్రకపు గనులు చూచినవారికి ఈ పోలిక వెంటనే తెలియును. మూసిన వెనుక రెక్క అడుగువైపున సన్నని తెల్లచుక్కల వరుసయు, మొదలివైపున విడిగా ఒక చుక్కయు నుండును. మగదానికి ముందు రెక్కమీద వాలుగా గీచినట్లు ఒక బూడిదవన్నె గీత గలదు. ఆడుదానికి ఆ గీత లేదు.

మన వరిలోనే దీని దాయాదులైన మఱి రెండు మూడు స్కిప్పర్లు గలవు. చుక్కల వరుసలోను, ఈ గీత యుండుటలోను లేకపోవుటలోను అవి భేదించును. వాని నడతయు, చేయు నష్టమును ఒకటే గాన రైతు వానిని వేఱుచేయ నక్కఱలేదు.

గ్రుడ్డు, గొంగళి, గూడు

తల్లి ఆకుమీద గ్రుడ్లను ఒక్కొక్కటిగా విడివిడిగా పెట్టును. గ్రుడ్డు తెల్లగా, బోర్లించిన చిన్న గిన్నెవలె నుండును. నాలుగైదు దినములలో గొంగళి వెలువడును. అది లేతపచ్చనిది, నున్ననిది. నడుమ లావై రెండు కొనలు సన్నగిల్లును. తల పెద్దది, మెడ సన్ననిది. తల యిరుప్రక్కల ఎఱ్ఱ గోధుమవన్నె చాఱలుండును. ఈ పెద్దతల, సన్నమెడయే స్కిప్పరు గొంగళికి ముఖ్యమైన గుఱుతు.

గొంగళి ఆకు అంచులను పట్టుదారముతో దగ్గఱకు లాగి కుట్టి, గొట్టమువంటి గూడు చేసికొనును. పగలు అందు దాగి, బయటికి వచ్చి ఆకును అంచునుండి లోపలికి కొఱికి తినును. ఒక్కొక్కప్పుడు నడిమి ఈనె మాత్రము మిగులును. సుమారు మూడు వారములు తిని, ఆకుమీదనే నడుమునకు పట్టుదారము మొలత్రాడువలె చుట్టుకొని ప్యూపాగా మాఱును. ఆ ప్యూపా పచ్చగా, ముందువైపు మొనదేలి యుండును. వారము పది దినములకు అందుండి సీతాకోకచిలుక బయలుదేఱును. వరి లేనపుడు గట్టుగడ్డియే దీనికి ఆధారము.

అసలు శత్రువు

ఇక మొవ్వుపురుగు తల్లిని చూడుడు. దాని శాస్త్రనామము స్కిర్పోఫాగా ఇన్‌సెర్టులాస్. ఆడుదాని ముందు రెక్కలు పసుపువన్నె. ఒక్కొక్క రెక్క నడుమ కాటుకబొట్టువలె ఒకే నల్లచుక్క. కడుపు కొనయందు పసుపువన్నె నూగుకుచ్చు. మగది చిన్నది, మట్టివన్నెది. ఇది గ్రుడ్లను ఆకు కొనలదగ్గఱ గుంపుగా పెట్టి, తన నూగుతో కప్పును. ఆ గుంపు మాసిన పత్తిపింజవలె నుండును. దీని పురుగు కాండములో దూరిన పిమ్మట మనకు కనబడదు. పిలక దశలో మొవ్వు ఎండి, లాగిన ఊడివచ్చును. ఈనిక దశలో కంకి తెల్లబడి తాలు పోవును. ఆకు పోయిన దుబ్బు మరల ఆకు వేయగలదు. తెల్లకంకి మాత్రము మరల గింజ పట్టదు.

ఆకుముడత పురుగు తల్లి గడ్డిపసుపు వన్నెగల చిన్న చిమ్మెట. రెక్కలమీద వంకర నల్లగీతలును, అంచున నల్లని పట్టెయు నుండును. దీని పురుగు ఆకును నిలువునా ముడిచి, లోపలి పచ్చదనమును గీకి తినును. అంచు తెగదు, తెల్లని చాఱలు పడును. అంచు కొఱకబడి ఆకు తెగిపోయినచో స్కిప్పరు అనియు, అంచు నిలిచి తెల్లచాఱలు పడినచో ఆకుముడత అనియు గ్రహింపవలెను. రెండును గూడు కట్టునవే గాన, గూటిని విప్పి లోపలి పురుగును చూచుట ఉత్తమము.

నిమ్మతోటలవారికి ఒక మాట

ఈ భేదజ్ఞానము నిమ్మతోటలయందును పనికివచ్చును. నల్లరెక్కలపై పసుపు మచ్చలుగల పెద్ద సీతాకోకచిలుక పూలతేనె మాత్రమే త్రాగును. చెఱుపు చేయునది దాని గొంగళి. చిన్నతనమున పిట్టరెట్టవలె నుండి, పిమ్మట పచ్చనై, నారుమొక్కల లేతాకులు తినును. కాయల రసము పీల్చు పెద్ద చిమ్మెట సంగతి దీనికి తలక్రిందులు. దాని గొంగళి తోటలో నుండక, కంచెలమీది తిప్పతీగను, దూసరితీగను తినును. పెద్దదైన చిమ్మెటయే రాత్రివేళ వచ్చి కాయను పొడిచి రసము పీల్చును. మొదటిదానికి నారుమడిలో గొంగళ్లను ఏఱివేయవలెను. రెండవదానికి కంచెలమీది ఆ తీగలను తీసివేసి, రాలిన కాయలను పూడ్చివేయవలెను. పురుగు పేరు తప్పిన, పని చేయవలసిన చోటే తప్పును.

చేయవలసిన పని

వరిలో స్కిప్పరు సామాన్యముగా చిన్న శత్రువు మాత్రమే. నారుమడిలోను, లేతపైరులోను గూళ్లు కనబడినచో చేతితో నలిపివేయుట చాలును. పిలక దశలో పైరు కొంత ఆకు పోయినను క్రొత్త ఆకు వేసి కోలుకొనును. పక్షులు వ్రాలుటకు చేనిలో అక్కడక్కడ కొయ్యలు పాతిన యెడల ఏట్రింతలు గొంగళ్లను ఏఱి తినును. యూరియా ఒకేసారి మితిమీఱి వేసిన పైరు ఆకుపురుగులను పిలిచి పెట్టుకొనును. దఫదఫాలుగా వేయుట మేలు.

ఇతర దేశముల అనుభవమును మనకు సాక్ష్యమే. 1986లో ఇండొనీషియా ప్రభుత్వము, మందులు మితిమీఱుటవలన సుడిదోమ విజృంభించుట చూచి, 57 రకముల మందులను వరిపై వాడరాదని నిషేధించెను. 1994లో వియత్నాములో మెకాంగు నదీముఖమున, విత్తిన పిమ్మట మొదటి 40 దినములు ఆకుపురుగులకు మందు కొట్టవలదను ప్రచారము మొదలయ్యెను. రైతులే తమ చేలలో కొంతభాగమున ఈ మాటను పరీక్షించి చూచి, మందులు తగ్గించుకొనిరి.

మొవ్వుపురుగు విషయమున మాత్రము ఏమఱుపాటు కూడదు. నాటుటకు ముందు నారు కొనలు త్రుంచివేసినచో గ్రుడ్ల గుంపులు పోవును. ఎకరమునకు మూడు లింగాకర్షక బుట్టలు పెట్టి, పడు మగ పురుగులను లెక్కింపుడు. చదరపు మీటరునకు ఒక తల్లిపురుగుగాని ఒక గ్రుడ్ల గుంపుగాని కనబడినను, నూటికి ఐదు మొవ్వులు ఎండినను, అప్పుడు మందు సంగతి ఆలోచింపవలెను. ఏ మందు, ఎంత మోతాదు అనునది పురుగును వ్యవసాయోద్యోగికి చూపి తెలిసికొనుడు. అమ్మువాని మాటమీద కొనవలదు.

చేనిలో పరీక్షించు క్రమము

వారమునకొకసారి ప్రొద్దుననే చేనికి పొండు. గోధుమవన్నె పురుగు లేచినచో అది పోయిన తీరు చూడుడు. రాయివలె దూకి దగ్గఱనే వ్రాలినచో మెల్లగా సమీపించి, రెక్కలు నిలువుగా మూసెనా, రెండంతస్తులుగా పఱచెనా చూడుడు. అనుమానమున్నచో పలుచని గుడ్డతో పట్టి, గాజుసీసాలో వేసి, మీసముల కొన చూడుడు. అందు గుండు, కొక్కెము ఉన్నచో విడిచిపెట్టుడు. మీసము దారమువలె నుండి, పసుపు రెక్కపై ఒక్క నల్లచుక్క యున్నచో, ఆ దినముననే ఆకు కొనలు వెదకి గ్రుడ్ల గుంపులను ఏఱివేయుడు.

ఈ పనికి కాసు ఖర్చు లేదు. మన సంఘసభ్యులు తమ పిల్లలకును ఈ గుఱుతులు నేర్పవలెనని కోరుచున్నాను. పిల్లల కన్నులు మనకంటె చుఱుకైనవి. ఏ రైతైనను అగ్గిపెట్టెలో పురుగును పెట్టుకొని నాయొద్దకు వచ్చిన యెడల, ఎంత తొందర పనియున్నను ఆ పెట్టెను పూర్తిగా తెఱచి చూచిన పిమ్మటనే బదులు చెప్పుదునని ఇందుమూలముగా మాట యిచ్చుచున్నాను.